చిత్రకారుని జీవితం – చిత్రం: వాన్ గోపై వెలువడిన గ్రంథాల పరిశీలన

వ్యాససంగ్రహం

చిత్రకారులపై వెలువడే గ్రంథాలలో అధికభాగం జీవితకథను ముందు నిలిపి, చిత్రాన్ని ఆ కథకు సాక్ష్యంగా చూపుతాయి. విన్సెంట్ వాన్ గో (1853–1890) విషయంలో ఈ ధోరణి మరింత స్పష్టంగా కనిపిస్తుంది. ఆయన లేఖలను, ఆయనపై వచ్చిన నవలను, జీవితచరిత్రను, విమర్శ వ్యాసాన్ని పక్కపక్కన పెట్టి, ఏ గ్రంథాన్ని ఏ అవసరానికి చదవాలో నిర్ణయించడం ఈ వ్యాసం ఉద్దేశం. కృతి నిర్మాణాన్ని తెలిపే మేరకే కళాకారుని జీవితం విమర్శకు ఆధారమవుతుందని ఇందులో ప్రతిపాదించడమైంది.

కీలక పదాలు: చిత్రకళా విమర్శ, జీవితచరిత్ర, వాన్ గో లేఖలు, జీవితచరిత్రాత్మక నవల, ఆధార పరిశీలన.

1. ఉపోద్ఘాతం

కళాకారుల జీవితాలను గ్రంథస్థం చేసే సంప్రదాయానికి ఐరోపాలో జోర్జో వసారి గట్టి పునాది వేశాడు. చిత్రకారులు, శిల్పులు, వాస్తుశిల్పుల జీవితచరిత్రలను ఆయన 1550లో ప్రచురించి, 1568లో విస్తరించాడు. గొర్రెలు కాస్తూ రాతిపై గొర్రె బొమ్మ గీస్తున్న బాలుడు జొత్తోను చిమబూయె చూసి శిష్యునిగా స్వీకరించాడన్న కథ ఆ గ్రంథం వల్లనే బహుళ ప్రచారం పొందింది. 1934లో ఎర్న్‌స్ట్ క్రిస్, ఒట్టో కుర్జ్ వియన్నాలో ప్రచురించిన అధ్యయనం ఇటువంటి కథలు వేర్వేరు దేశాలలో, వేర్వేరు కాలాలలో, వేర్వేరు కళాకారుల పేర్లతో పునరావృతమవుతున్నాయని నిరూపించింది. బాల్యంలోనే బయటపడిన ప్రతిభ, గురువు కంటపడడం వంటి ఘట్టాలు చాలా సందర్భాలలో ఒక మూసకు చెందినవే తప్ప ఒక వ్యక్తికి చెందినవి కావు.

వాన్ గో జీవితాన్ని ఇర్వింగ్ స్టోన్ ఆంగ్లంలో నవలగా మలచి ప్రచురించినదీ 1934లోనే. ఒక గ్రంథం మూసను బయటపెట్టిన సంవత్సరంలోనే మరొక గ్రంథం కొత్త మూసకు రూపమిచ్చింది. బాధపడినవాడే గొప్పగా చిత్రించగలడన్నది ఆ కొత్త మూస.

2. నవల: బలం, పరిమితి

స్టోన్ నవలను తక్కువ చేసి చూడడం సరికాదు. ఆయన ప్రధానంగా లేఖలపైనే ఆధారపడ్డాడు. చిత్రకళతో పరిచయం లేని అసంఖ్యాక పాఠకులను వాన్ గో వద్దకు చేర్చాడు. పి. మోహన్ అనువాదంలో ‘జీవన లాలస’గా ఈ నవల తెలుగులోకి కూడా వచ్చింది. సంభాషణలు తన ఊహలోనివని, మాయా అనే స్త్రీ కనిపించే ఘట్టం కేవల కల్పన అని రచయిత గ్రంథాంతంలో నిజాయితీగా అంగీకరించాడు.

చిక్కు వేరేచోట ఉంది. నవలకు ఆరోహణ కావాలి, పతాక సన్నివేశం కావాలి. అందువల్ల ప్రతి చిత్రమూ విషాదాంతం వైపు వేసిన ఒక అడుగుగా కనిపిస్తుంది. ఈ నవల ఆధారంగా 1956లో వచ్చిన చలనచిత్రంలో వాన్ గో ‘కాకులున్న గోధుమపొలం’ చిత్రిస్తూ తనను తాను కాల్చుకుంటాడు. అదే ఆయన చివరి చిత్రమన్న నమ్మకం జనంలో స్థిరపడడానికి ఆ దృశ్యం ఎంతగానో తోడ్పడింది. కల్పన చేయడం నవలాకారుని హక్కు. ఆ కల్పనను చరిత్రగా ఉటంకించడం మాత్రం పరిశోధకుని లోపం.

3. లేఖలు: చిత్రనిర్మాణానికి సాక్ష్యం

వాన్ గో మరణించిన ఆరు నెలలకే ఆయన తమ్ముడు థియో కూడా కన్నుమూశాడు. థియో భార్య యో వాన్ గో-బోంగర్ 1914లో లేఖలను మూడు సంపుటాలుగా ప్రచురించింది. చిత్రాలకు తగిన గుర్తింపు రాకముందే వ్యక్తిపై కుతూహలం రేకెత్తించడం అన్యాయమని భావించి ఇంతకాలం ఆగినట్లు ఆమె తన పీఠికలో వివరించింది. ముందు చిత్రం, ఆ తరువాతే జీవితం అన్న ఈ క్రమాన్ని తరువాతి గ్రంథకర్తలలో పలువురు తలకిందులు చేశారు.

వాన్ గో మ్యూజియం, హైగెన్స్ సంస్థ కలిసి సిద్ధం చేసిన సవ్యాఖ్యాన సంస్కరణ 2009లో ఆరు సంపుటాలుగా వెలువడింది. ఇందులోని 902 లేఖలలో 819 వాన్ గో రాసినవి. ఇది అంతర్జాలంలో ఉచితంగా లభిస్తుంది. ఈ లేఖలలో వేదన ఉన్నది, అయితే అంతకుమించి పని ఉన్నది. రంగుల జాబితాలు, వాటి ధరలు, కాన్వాసు కొలతలు, గీస్తున్న చిత్రాల రేఖాకృతులు పుటపుటా కనిపిస్తాయి. 1885 నాటి ‘బంగాళాదుంపలు తినేవారు’ వెనుక నెలల తరబడి గీసిన రైతుల ముఖాల అధ్యయనాలున్నాయి. ఆర్ల్‌లోని రాత్రి కాఫీశాలను చిత్రించడానికి మూడు రాత్రులు మేల్కొన్నానని, ఎరుపు, ఆకుపచ్చల సంఘర్షణతో మనిషిలోని భయంకరమైన ఆవేశాలను చెప్పదలచానని 1888 సెప్టెంబరులో ఆయన రాశాడు. చెవి కోసుకున్న సంఘటన అదే సంవత్సరం డిసెంబరులో జరిగింది. అంతకు మూడు నెలల ముందే లెక్క ప్రకారం ఎంచుకున్న ఆ రంగులను వ్యాధి లక్షణంగా చదవడం కాలక్రమానికే విరుద్ధం.

లేఖలనూ గుడ్డిగా నమ్మరాదు. అవి అధికభాగం తనను పోషిస్తున్న తమ్మునికి రాసినవి. తన పనిని సమర్థించుకోవలసిన అవసరం ఆ వాక్యాల వెనుక ఉన్నది. లేఖ ఎవరికి, ఏ అవసరంతో రాసినదో గమనించకుండా ఉటంకిస్తే అది కూడా మరొక నవల అవుతుంది.

4. రెండు చిత్రాలు, రెండు హెచ్చరికలు

1888 అక్టోబరులో చిత్రించిన ‘పడకగది’ తొలి ప్రతి ఆమ్‌స్టర్‌డామ్‌లోని వాన్ గో మ్యూజియంలో ఉంది. నేడు దాని గోడలు నీలంగా కనిపిస్తాయి. ఆ నీలాన్ని చూసి ఒంటరితనాన్ని, దిగులును వ్యాఖ్యానించడం సులభం. ఆనాటి లేఖలో మాత్రం గోడలు లేత ఊదారంగువని, ఈ చిత్రం విశ్రాంతిని, నిద్రను స్ఫురింపజేయాలని ఆయన స్పష్టంగా రాశాడు. చిత్ర సంరక్షణ నిపుణుల పరీక్షలు ఈ మాటను బలపరిచాయి. ఊదాలో కలిసిన ఎరుపు కాలక్రమంలో వెలిసిపోగా నీలం మిగిలింది. చిత్రకారుని మనఃస్థితికి చిహ్నంగా తోచినది నిజానికి రంగు రసాయన స్వభావం వల్ల కలిగిన మార్పు.

రెండవది ‘కాకులున్న గోధుమపొలం’. అల్లకల్లోలమైన ఆకాశం కింద విస్తరించిన గోధుమపొలాలను చిత్రిస్తూ విచారాన్ని, తీవ్రమైన ఒంటరితనాన్ని వ్యక్తం చేయ ప్రయత్నించానని 1890 జూలైలో వాన్ గో రాసినది నిజం. పల్లెసీమలో తాను కనుగొన్న ఆరోగ్యాన్ని, బలాన్ని ఆ చిత్రాలే చెబుతాయని ఆ వెంటనే చేర్చిన సంగతిని వ్యాఖ్యాతలు తరచుగా విడిచిపెడతారు. ఆయన చివరగా పనిచేసిన చిత్రం ‘చెట్టు వేర్లు’ అని పరిశోధకులు నేడు భావిస్తున్నారు. అందులో కాకులు లేవు, ఆకాశమూ దాదాపు లేదు. మెలికలు తిరిగిన వేర్లు, వాటిపై పరచుకున్న రంగులు ఉన్నాయి.

5. విమర్శ వ్యాసం, జీవితచరిత్ర

వాన్ గో చిత్రించిన బూట్లను హైడెగర్ ఒక రైతు స్త్రీ బూట్లుగా భావించి, వాటిలో ఆమె శ్రమప్రపంచాన్ని దర్శించాడు. 1968లో మేయర్ షపీరో దీనిని ఖండించాడు. ఆ చిత్రం 1886 నాటిదని, అప్పటికి వాన్ గో పారిస్ నగరవాసి అని, అవి ఆయన సొంత బూట్లేనని వాదించాడు. జీవిత వివరాలు ఒక తప్పు వ్యాఖ్యానాన్ని సరిదిద్దడానికి ఎలా ఉపకరిస్తాయో ఈ వ్యాసం చూపుతుంది. అయితే ఆ బూట్లను చిత్రకారుని ఆత్మచిత్రంగా చదివినప్పుడు షపీరో కూడా ఆధారం అనుమతించిన హద్దును దాటాడు.

స్టీవెన్ నైఫే, గ్రెగరీ వైట్ స్మిత్ 2011లో ప్రచురించిన బృహత్ జీవితచరిత్ర సమాచార సేకరణలో అసమానమైనది. వాన్ గో ఆత్మహత్య చేసుకోలేదని, ఒక యువకుని చేతిలోని తుపాకి పేలి గాయపడ్డాడని వారు చేసిన ప్రతిపాదనను వాన్ గో మ్యూజియం పరిశోధకులు 2013లో తిరస్కరించారు. తూటా ఎవరిదన్న ఈ చర్చ ఎటు తేలినా ‘చెట్టు వేర్లు’లోని ఒక్క కుంచె గీత కూడా మారదు.

6. తెలుగు పరిశోధనకు అన్వయం

ఈ చర్చ చిత్రకళకే పరిమితమైనది కాదు. ‘జీవితం – వ్యక్తిత్వం – రచనలు’ అన్న ప్రణాళిక తెలుగు సిద్ధాంత గ్రంథాలలో చిరపరిచితం. మొదటి అధ్యాయంలో చేరిన పుట్టుక, పేదరికం, పురస్కారాలు తరువాతి అధ్యాయాలలో కృతి విశ్లేషణకు ఉపయోగపడకపోతే ఆ అధ్యాయం అలంకారమే అవుతుంది. బలవంతంగా ఉపయోగిస్తే అపవ్యాఖ్యానమవుతుంది. రాజమహేంద్రవరం చిత్రకారులు దామెర్ల రామారావు (1897–1925) ప్రస్తావన రాగానే ఆయన 28వ ఏట మశూచితో మరణించారన్న విషాదం ముందు నిలుస్తుంది. ఆ ఊరిలోని ఆయన స్మారక చిత్రశాలలో ఉన్న చిత్రాలు మాత్రం రేఖ, వర్ణం, దేహభంగిమలపై ఒక చిత్రకారుడు చేసిన నిశ్చితమైన ఆలోచనలు. అకాలమరణాన్ని ముందే తలచుకుని చూసేవారికి ఆ ఆలోచన కనబడదు.

7. ముగింపు

వాన్ గోను చదవదలచిన పరిశోధకుడు లేఖల సవ్యాఖ్యాన సంస్కరణతో ప్రారంభించడం మేలు. కథల మూసలను గుర్తించడానికి క్రిస్–కుర్జ్‌లను, ఆధారానికి ఉన్న శక్తినీ హద్దునూ తెలుసుకోవడానికి షపీరోను, కాలక్రమ నిర్ధారణకు 2011 నాటి జీవితచరిత్రను సంప్రదించవచ్చు. స్టోన్ నవలను నవలగానే ఆస్వాదించవచ్చు. ఏ గ్రంథాన్ని తెరచినా ఒక ప్రశ్న అడగడం అవసరం: ఈ వాక్యం తీసివేస్తే చిత్రంలో కనిపించేది ఏమైనా తగ్గుతుందా? తగ్గకపోతే ఆ వాక్యం కళాకారుని గురించినదే కాని కళ గురించినది కాదు.