రాయి వాటం

బాలనాగమ్మ కథను బుర్రకథగా విన్నవాళ్ళు ఒక ఘట్టాన్ని మరిచిపోరు. మాయల ఫకీరు ఎత్తుకుపోయిన భార్యను వెతుక్కుంటూ వెళ్ళిన కార్యవర్ధిరాజు ఆ ఫకీరు చేతిలోనే శిలైపోతాడు. ఉయ్యాలలో వదిలేసిన పసివాడు బాలవర్ధి పెరిగి పెద్దవాడై, చిలకలో దాచిన ఫకీరు ప్రాణం తీస్తేగానీ ఆ రాతిలో చలనం రాదు. ఆ ఏళ్ళన్నీ తండ్రి లోపల ఎలా గడిచాయో కథ చెప్పదు. కాలాన్ని కట్టిపడేసే పదార్థం కావలసివచ్చినప్పుడు మన కథకులు రాయినే పట్టుకున్నారు. గుట్టలూ బండలూ చూస్తూ పెరిగినవాళ్ళకు అంతకంటే ఏం తడుతుంది?

ఆ ఊహకు నిజం ఎంత దగ్గరో హైదరాబాద్‌లోని మాదాపూర్, ఖాజాగూడ, గచ్చిబౌలి బండలు చూపిస్తాయి. వాటి వయసు సుమారు 250 కోట్ల సంవత్సరాలు. హిమాలయాలు లేవడం మొదలై 5 కోట్ల ఏళ్ళే అయింది. ఈ గ్రానైటు భూగర్భంలో గడ్డకట్టేనాటికి గాలిలో ప్రాణవాయువు ఇంకా పేరుకోలేదు. ఆ వయసు లెక్క రాతిలోనే ఉంది. గ్రానైటులో జిర్కాన్ అనే చిన్న స్ఫటికాలుంటాయి. గట్టిపడేటప్పుడు అవి యురేనియాన్ని లోపలికి రానిస్తాయి, సీసాన్ని దాదాపు రానివ్వవు. ఆ యురేనియంలో ఎక్కువ భాగం 447 కోట్ల ఏళ్ళకు సగం చొప్పున తరిగి సీసంగా మారుతుంది. అంటే ఇప్పుడు కనిపించే సీసం చాలావరకు లోపల పుట్టిందే. మిగిలిన యురేనియంతో పోలిస్తే ఎంత సీసం ఉంటే అంత వయసు.

మీద ఉన్న మట్టీ రాయీ కొట్టుకుపోయి బరువు తగ్గేసరికి ఈ బండలు పొరలుగా విచ్చుకున్నాయి. పగుళ్ళలోకి దిగిన నీరు గ్రానైటులోని ఖనిజమైన ఫెల్డ్‌స్పార్‌ను బంకమట్టిగా మార్చింది. మూలలు ముందు అరిగి, నడిమి గుండు మిగిలింది. హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయం ఆవరణలోని పుట్టగొడుగు రాయిని చూసి ఎవరో పేర్చి వెళ్ళారనుకుంటాం. పేర్చిన చేతులేవీ లేవు.

ఈ రాతి స్వభావాన్ని ప్రయోగశాలల కంటే ముందే చదివినవాళ్ళు రాళ్ళు కొట్టే వడ్డెరలు. వాళ్ళ విద్యకు మూలం రాయి వాటం తెలియడం. గ్రానైటు అన్ని వైపులా ఒకేలా పగలదు. కంటికి ఆనని సన్నని పగుళ్ళు ఒక దిశలో ఎక్కువగా వరుసకడతాయి, ఆ దిశలో సులువుగా చీలుతుంది. అనుభవమున్న మనిషి బండ మీద సుత్తితో తట్టి వింటాడు. ఖంగుమంటే లోపల ఏకశిల. మొద్దుగా పలికితే ఎక్కడో చీలిక ఉంది. తర్వాత వాటం వెంబడి గీత గీసి, ఉలితో వరుసగా గుంతలు కొట్టి, ఇనుప మేకులు దించుతాడు. ఒక్కో మేకుకు ఒక్కో దెబ్బ, మళ్ళీ మొదటినుంచి. నొక్కితే గ్రానైటు ఎంతో బరువు మోస్తుంది. విడదీసి లాగితే మాత్రం ఆ బలంలో పదోవంతుకు అటూఇటుగానే నిలుస్తుంది. మేకు చేసేది ఆ విడదీయడమే. బిగిసేకొద్దీ మోత మారుతుంది. అప్పుడు సుత్తి ఆపి కాసేపు ఊరుకుంటారు, చీలిక తనంతట తాను పాకడానికి. ఈ పనిలో నాకు అన్నిటికంటే గొప్పగా అనిపించేది ఆ ఊరుకోవడమే. పలచని పలకలు కావాలంటే బండ మీద మంట పెట్టి, దాన్ని మెల్లగా జరుపుతూ పై పొర లేపే పద్ధతి కూడా దక్షిణాదిన ఉండేది.

అలా వచ్చిన రాయే రోలయింది, తిరగలయింది, గడపయింది. అరిగిన తిరగలికి కక్కు కొట్టేవాళ్ళు వీధిలోకి వస్తే కేకలోనే తెలిసేది. గోల్కొండ కోటగోడల్లో చోటుచోటా పెద్ద గుండ్లను కదపకుండానే గోడలో కలుపుకున్నారు. ఏది కొట్టాలో, ఏది వదలాలో ఎరిగినవాళ్ళ పని అది.

1998 నవంబరులో మాదాపూర్‌లో సైబర్ టవర్స్ ప్రారంభమయ్యాక ఆ పక్కన నిర్మాణాలు గుట్టలకు ఎగబాకాయి. బండలు పేల్చే మందుకు వాటంతో పనిలేదు. అది పక్క బండనూ బీటలువారుస్తుంది. 1996లో ఏర్పడిన సొసైటీ టు సేవ్ రాక్స్ ఈ శిలల కోసం పోరాడుతూ వస్తోంది. ఆ పోరాటం న్యాయమైనది. అయితే రాయితోపాటు రాయిని చదివే చేతులనూ కాపాడాలని నా విన్నపం. ఆ చేతులవాళ్ళు రాతిధూళి పీల్చి సిలికోసిస్‌తో ఊపిరితిత్తులు పాడుచేసుకుంటున్నారు. నీళ్ళు చల్లుతూ పని చేయించడం, సరైన ముఖతొడుగులు ఇవ్వడం పెద్ద ఖర్చు కాదు. పాత కట్టడాల మరమ్మతులకు వాళ్ళను పిలిచి తగిన కూలి ఇవ్వడం దానికంటే గౌరవం.

నగరం చుట్టుపక్కల బండల మీద అక్కడక్కడా వేలెడు గుంతల వరుస కనిపిస్తుంది. మేకుల కోసం తొలిచి, ఎందుకో వదిలేసినవి. బండ చీలలేదు. వాన వెలిశాక ఒక్కో గుంతలో గుక్కెడు నీళ్ళుంటాయి, పిట్టలు వచ్చి తాగిపోతుంటాయి.