‘శాస్తి’: నేరమొకరిది, శిక్షయొకరిది

కలకత్తానుండి వెలువడిన ‘సాధన’ పత్రికలో 1893లో రవీంద్రనాథ ఠాకూరు ‘శాస్తి’ యను కథను ప్రకటించెను. వంగభాషలో ఈ పదమునకు శిక్ష యని యర్థము. తెలుగున ‘తగిన శాస్తి జరిగినది’ అనునపుడు, చేసిన పనికి ఫలము ముట్టెనను తీర్పు కూడ అందు ఇమిడియుండును. కావున తెలుగు పాఠకునికి పేరే ఒక ప్రశ్నయగును: ఈ కథలో తగిన శాస్తి ఎవరికి జరిగినది?

దుఖీరాము, ఛిదాము అన్నదమ్ములు, కూలిజనము. జమీందారు కచేరి బంటు వారిని పట్టుకొని పోవును. దినమంతయు వానలో తడియుచు వారు కచేరి పైకప్పు బాగు చేయుదురు. న్యాయమైన కూలి దక్కదు. దుర్భాషలు మాత్రము దక్కును. ఆకలితో ఇల్లు చేరిన దుఖీరాము అన్నమడుగగా, భార్య రాధ ములుకువంటి మాట విసరును. మరుక్షణమున కత్తి ఆమె తలపై పడును. అంతలో అచటికి వచ్చిన రామలోచనునితో ఛిదాము నోటికి వచ్చిన అబద్ధమాడును: చంపినది తన భార్య చందర యని. భార్యకు బదులు భార్య దొరకును గాని అన్నకు బదులు అన్న దొరకడని పిమ్మట లెక్క కట్టుకొనును.

ఇంతవరకు ఇది అబద్ధపు నింద కథయే. కథకుని ప్రతిభ దీని తరువాత కాననగును. ఆత్మరక్షణకై కొట్టితినని చెప్పుమని భర్త నేర్పిన మాటను చందర త్రోసివైచును. చంపితినని మాత్రమే ఒప్పుకొనును. రాధ తనపై చేయి చేసికొనలేదనియు చెప్పును. పోలీసులయెదుట చేసిన ఒప్పుకోలు నిందితునిపై చెల్లదని 1872 నాటి సాక్ష్యచట్టము నిర్ణయించినది. బలవంతపు ఒప్పుకోలును ఆ చట్టము ఊహింపగలిగెను. అభిమానముతో, తన యిష్టముచే, జడ్జి యెదుటనే నిలిచి పలికిన అబద్ధపు ఒప్పుకోలును ఊహింపజాలకపోయెను. అంతరాత్మ మేల్కొని అన్నదమ్ములిద్దరును నేరము తమదేయని మొరపెట్టుదురు. ఆమెను రక్షించుటకై బొంకుచున్నారని జడ్జి నమ్మడు. ఛిదాము పశ్చాత్తాపము నిజమే. కాని కాలాతీతమైన సత్యము కోర్టులో ప్రేమవలె కనబడి ఓడిపోయినది.

ఇచట తెలుగువారికి చంద్రమతి స్మృతికి రాకపోదు. గౌరన హరిశ్చంద్రోపాఖ్యానము మొదలు బలిజేపల్లి లక్ష్మీకాంతకవి నాటకము వరకు, ఆమెయు శిశుహత్య యను అబద్ధపు నిందకు గురియైనదే. ఆమెపైనను కత్తి యెత్తినవాడు భర్తయే. అయినను హరిశ్చంద్రుడు సత్యమునకై కత్తి యెత్తెను. ఛిదాము అసత్యమునకై భార్యను ఉరికొయ్యకు అప్పగించెను. చంద్రమతి నిర్దోషిత్వమునకు దేవతలు దిగివచ్చి సాక్ష్యమిచ్చిరి. చందరకు ఏ దేవతయు దిగిరాడు. పురాణమున సహనము సతికి కీర్తియైనది. ఈ కథయందు అదియే సహనము పతికి శిక్షయైనది. ఉరి చందరది, శాస్తి ఛిదామునిది.

అపరాధుల పట్టిక అంతతో ముగియదు. ఆ సాయంకాలము ఇంట వండుటకు బియ్యము లేకుండుటకు కచేరియు కారణమే. దానిని ఏ న్యాయస్థానమును పిలిచి ప్రశ్నింపలేదు. ఆ దశకమున రవీంద్రుడు పద్మాతీరమున శిలైదహాలో ఉండి తమ కుటుంబ జమీందారీని చూచుచుండెను. కలకత్తా జోడాసాంకో భవనమునకు పోషకమైన వ్యవస్థనే ఆయన కథారంభమున నిలిపెను. ఉపన్యాసమొక్కటియు లేదు, తడిసిన పైకప్పు, దక్కని కూలి, అంతే. సంఘదోషమును చెప్పబూని పాత్రలచే వాదములు చేయించు రచయితలు ఈ పొదుపును గమనింపవలెను.

కథాంతమున, భర్త చూడగోరుచున్నాడని చెప్పిన వైద్యునికి చందర ఒక్క పదముతో బదులిచ్చును. అది చావును పేర్కొను పదము. వంగ స్త్రీల వాడుకలో అది సిగ్గునకు, ఏవగింపునకు, చనవునకు కూడ చెల్లును. తెలుగులో ‘ఛీ’ యన్నచో మమకారము పోవును; ‘చచ్చినను చూడను’ అని సాగదీసినచో సందిగ్ధత పోవును. ఆమె పట్ల ఆ భర్తకు ప్రేమ కలదని జడ్జి యెదుట చెప్పినదియు ఆమెయే. అతని ముఖము చూడ నిరాకరించినదియు ఆమెయే. ఈ రెంటిలో ఒక్కదానినే ఎన్నుకొను అనువాదము భాషను గెలిచినను చందరను పోగొట్టుకొనును.