ముంపు నుంచి తరలించిన కట్టడాలు: ఒక విమర్శనాత్మక పరిశీలన

ముంపు ప్రాంతంలోని ప్రాచీన కట్టడాన్ని విప్పి మరోచోట నిలబెడితే దాన్ని రక్షించినట్లేనా? కృష్ణా నదిపై కట్టిన రెండు జలాశయాల అనుభవం ఆధారంగా ఈ ప్రశ్నను పరిశీలిద్దాం.

నాగార్జునకొండ లోయలోని విజయపురి క్రీ.శ. 3వ శతాబ్దంలో ఇక్ష్వాకుల రాజధాని. 1926లో వెలుగుచూసిన ఈ స్థలం నాగార్జునసాగర్ నీటిలో మునిగిపోతుందని తేలడంతో, 1954–60 మధ్య ఆర్. సుబ్రహ్మణ్యం నేతృత్వంలో భారత పురావస్తు శాఖ లోయ అంతటా తవ్వకాలు జరిపింది. రాతియుగం నుంచి మధ్యయుగం దాకా మానవ జీవనానికి ఆధారాలు దొరికాయి. ఎంపిక చేసిన కట్టడాలలో కొన్నిటిని కొండపైన, కొన్నిటిని అనుపులో పునర్నిర్మించారు. గడువు ముంచుకొస్తున్నా ఇంత విస్తృతంగా పని సాగడం నిస్సందేహంగా ఘనతే.

అయితే ఒక లోపాన్ని గమనించాలి. ఇక్ష్వాకుల స్నానఘట్టాన్ని కొండపైకి చేర్చారు. మెట్లు ఉన్నాయి, కానీ అవి దిగే నది లేదు. స్తూపం, విహారం, రాజప్రాసాదం, ఘట్టం ఒకదానికొకటి ఎంత దూరంలో, ఏ దిక్కున ఉండేవో తెలిస్తేనే నగరం అర్థమవుతుంది. విడివిడిగా తరలించిన కట్టడాలు ఆ సంబంధాన్ని చూపలేవు. దాన్ని తవ్వకాల పటాలు, నివేదికల ద్వారానే తెలుసుకోగలం.

శ్రీశైలం జలాశయం వచ్చినప్పుడు ఇదే సమస్య మరో రూపంలో ఎదురైంది. కృష్ణా, తుంగభద్రలు కలిసే కూడవెల్లిలోని సంగమేశ్వరాలయాన్ని రాయి రాయిగా విప్పి అలంపురంలో తిరిగి కట్టారు. శిల్పం దక్కింది. కానీ స్వామికి ఆ పేరు తెచ్చిన సంగమం అక్కడ లేదు. మరోవైపు, అలంపురంలోని నవబ్రహ్మ ఆలయాలను కదపకుండా రక్షణ కట్ట నిర్మించారు. ఈ పద్ధతిలో ఆలయాల చోటు మారలేదు, కానీ నదికీ ఆలయాలకూ మధ్య కట్ట అడ్డు వచ్చింది.

కాబట్టి తరలింపు వృథా అనలేం. అది జరగకుంటే ఆ రాళ్లు కూడా మిగిలేవి కావు. అయితే దాన్ని సంపూర్ణ రక్షణ అనడం కూడా సరికాదు. కట్టడం రూపం, దాని చోటు, దానితో ప్రజలకున్న అనుబంధం: ఈ మూడింటిలో ఎన్ని దక్కాయన్నదే సరైన కొలమానం. ఆ లోయలోని ఊళ్ల ప్రజలు కూడా ఇల్లూ పొలమూ వదిలి వెళ్లారన్న సంగతిని ఈ లెక్కలో మరువరాదు.

మీ ప్రగతిని సమీక్షించుకోండి: కట్టడాన్ని తరలించడం, ఉన్నచోటనే కట్టతో కాపాడడం — ఈ రెండు పద్ధతులను పై మూడు అంశాల ఆధారంగా పోల్చండి.