ముందు మోకాళ్ల సంగతి

విశాఖపట్నంలో ఇల్లున్నవాడికి జీతం లేని ఉద్యోగం ఒకటి తప్పదు. వేసవి సెలవులు రాగానే చుట్టాలు దిగుతారు. వాళ్లకు ఊరు చూపించాలి. పొద్దున్నే సింహాచలం, అట్నుంచటు కైలాసగిరి, మిట్టమధ్యాహ్నం ఎండలో సబ్‌మెరైన్, సాయంత్రం రుషికొండ, చీకటి పడ్డాక బీచ్‌రోడ్డులో ముంత మసాలా. ముప్పై ఏళ్లుగా ఈ కొలువు చేస్తున్నాను. "ఇంకోసారి తిప్పరా" అని ఒక్కరూ అడిగిన పాపాన పోలేదు. ఎందుకు అడగలేదో కిందటేడు ఏప్రిల్‌లో, దక్షిణ కొరియాలోని బుసాన్ రేవులో తెలిసింది.

అక్కడికి ఎందుకు వెళ్లామంటే, నిజానికి బుసాన్ చూడాలని వెళ్లలేదు. టోక్యోలో ఉద్యోగం చేస్తున్న మా అమ్మాయి, నాకూ వాళ్లమ్మకూ అమ్మమ్మకూ కలిపి యోకొహామాలో ఎక్కి యోకొహామాలోనే దిగే క్రూయిజ్ టికెట్లు తీసింది. జపాన్ రేవులో బయల్దేరి మళ్లీ జపాన్ రేవుకే చేరే విదేశీ జెండా ఓడ మధ్యలో ఒక్క పరాయి దేశపు రేవునైనా తాకి రావాలని అక్కడి నిబంధన. ఫుకుఓకా నుంచి కూతవేటు దూరం, సుమారు 200 కిలోమీటర్లు, కాబట్టి చాలా ఓడలు బుసాన్‌ను తాకి పోతుంటాయి. 33 లక్షల జనాభా, కొరియాలో సియోల్ తర్వాత అంతటి ఊరు. మా ఓడ కాగితాల్లో మాత్రం అది 'మూడో రోజు, పదిన్నర గంటలు'.

అంతకుముందు దిగిన రేవులో పెద్ద బస్సెక్కి విసిగిపోయాం. నలభై నాలుగు మందిమి, చొక్కాకి నంబరు స్టిక్కరు, ముందు జెండా పట్టుకున్న మనిషి. ఒక గుడి, ఒక కోట, గంటన్నరసేపు ఒక అంగడి. మా అత్తగారికి బాత్రూమ్‌కి వెళ్లి వచ్చేంత వ్యవధి కూడా దొరకలేదు. అందుకని బుసాన్‌కి మాత్రం మా అమ్మాయి ఫోన్లోనే వెతికి, ఏడుగురు పట్టే వ్యాన్ మాట్లాడింది.

మా ఓడ ఆగింది యోంగ్‌దో అనే దీవి మీది టెర్మినల్లో. గేటు బయట యాభై దాటిన ఒకావిడ నిలబడి ఉంది. మెడలో గైడు లైసెన్సు కార్డు. విదేశీయుల్ని తిప్పే గైడుకి అక్కడ ప్రభుత్వ పరీక్ష పాసవాలి. మాతోపాటు కెనడా నుంచి వచ్చిన భార్యాభర్తలు, ఆస్ట్రేలియా నుంచి అక్కాచెల్లెళ్లు. ఆవిడ మా ముఖాలు చూడలేదు, చెప్పులు చూసింది. తర్వాత అడిగిన మొదటి మాట "ఏం చూడాలనుంది?" కాదు, "ఎవరికైనా మోకాళ్ల నొప్పులున్నాయా?"

మా అత్తగారికి డెబ్బై ఆరు. కొరియా వాళ్లు పెద్ద వయసు ఆడవాళ్లను పిలిచినట్టే గైడమ్మ ఆవిణ్ణి 'ఒమోనీ' అని పిలిచింది. అమ్మ అన్నమాట. "ఒమోనీ, ఇవాళ రెండు చోట్ల మెట్లున్నాయి. మీ మోకాళ్లకి ఒక్కచోటికే ఓపిక ఉందనుకోండి, అది ఎక్కడ ఖర్చు పెడతారు? గుడి దగ్గరా, కొండ మీది రంగుల పేట దగ్గరా?" నేను తెలుగులో చెప్పేసరికి మా అత్తగారు క్షణం ఆలోచించలేదు. "దేవుడి దగ్గరే." అంతే, ఆ రోజు ప్రణాళిక సగం తేలిపోయింది. ముప్పై ఏళ్లలో సింహాచలం కొండకు తీసుకెళ్లిన ఏ పెద్దావిడనీ నేనిలా అడిగిన పాపాన పోలేదు.

రెండో సగాన్ని గడియారం తేల్చింది. మేం టెర్మినల్ దాటేసరికి తొమ్మిది. ఐదున్నరకల్లా ఓడలో ఉండాలి. ఓడవాళ్లే అమ్మిన బస్సు ఆలస్యమైతే ఓడ ఆగుతుంది, మాలాంటి బయటి వ్యాన్ల కోసం ఆగదు. నాలుగున్నరకి మమ్మల్ని గేటు దగ్గర దించాలన్నది ఆవిడ లెక్క. అక్కణ్ణుంచి వెనక్కి లెక్కేసుకుంటూ వచ్చింది. అన్నిటికన్నా దూరమున్న చోటికి ముందు వెళ్లిపోవడం, ఆ తర్వాత బావిలోంచి చేంతాడు లాక్కున్నట్టు ఒక్కో మజిలీతో ఓడకు దగ్గరవుతూ రావడం. ట్రాఫిక్ ఇరుక్కున్నా, ఎవరైనా తప్పిపోయినా, చివర్లో ఉన్నది ఓడ పక్కనే ఉంటుంది. దగ్గరున్నవి ముందు చూసేసి సాయంత్రం రుషికొండ రోడ్డులో చుట్టాల రైలు టైము చూసుకుంటూ చెమటలు కక్కిన రాత్రులు నాకు గుర్తొచ్చాయి.

యోంగ్‌దో నుంచి బుసాన్ హార్బర్ వంతెన ఎక్కాలంటే రోడ్డు గాల్లోనే మరచుట్టులా గుండ్రంగా తిరిగి పైకి లేస్తుంది. మా ఆవిడ కళ్లు మూసుకుంది. కింద కంటెయినర్ల దొంతరలు, అటూ ఇటూ క్రేన్లు. 2014లో తెరిచిన ఈ వంతెన కింద ఉన్న ఎత్తు సుమారు 60 మీటర్లే. ఆ ఎత్తుకు మించిన ఓడలు లోపలి రేవుకు రాలేవు, అందుకే బయట యోంగ్‌దోలో ఆగుతాయి. పొద్దున్నించీ ఊరికి దూరంగా ఎందుకు దించారా అని సణుగుతున్నవాణ్ణి, ఊరుకున్నాను.

తర్వాత గ్వాంగన్ వంతెన. దూరంగా హేఉండే బీచ్ కనబడింది. కొరియాలోకెల్లా పేరున్న బీచ్. "అక్కడ ఆగుతామా?" అన్నాను. ఆవిడ వెనక్కి తిరిగి, "మీరే ఊరు?" అంది. విశాఖపట్నం అన్నాను, బీచ్ ఫొటో కూడా చూపించాను, గర్వంగా. "మరింకేం, ఇంటి దగ్గర ఉన్నది ఇక్కడెందుకు?" అని నవ్వేసింది. నాకు కొంచెం కోపం వచ్చిన మాట నిజం.

గుడి పేరు హేడోంగ్ యోంగ్‌గుంగ్‌సా. 1376లో నాఓంగ్ అనే భిక్షువు కట్టించాడని చెబుతారు. ఇప్పుడున్నది చాలావరకు ఇరవయ్యో శతాబ్దపు కట్టడం. కొరియాలో బౌద్ధ ఆలయాలు ఎక్కువగా కొండల్లో ఉంటాయి, ఇది సముద్రపు రాళ్ల మీద ఉంది. దారిలో వాహన ప్రమాదాలు జరగకూడదని మొక్కుకునే గోపురం ఒకటి, దానికి టైరు బొమ్మ. కొత్త బండికి నిమ్మకాయలు తొక్కించే మనకి అది వింతేమీ కాదు. 108 మెట్లు దిగాలి. మా అత్తగారు ఒక్కో మెట్టూ లెక్కపెట్టుకుంటూ దిగింది, ఆవిడ పక్కనే గైడమ్మ, చెయ్యి పట్టుకోలేదు, పట్టుకునేంత దూరంలో మాత్రం ఉంది. పెద్ద బస్సులో ఇది కుదరదు. నలభై నాలుగు మందిలో ఒక ముసలమ్మ కోసం ఎవరు ఆగుతారు?

మళ్లీ ఎక్కుతుంటే, తర్వాత వెళ్లబోయే సమాధుల తోట గురించి ఇప్పుడే చెబుతానంది. "లోపల నేను మాట్లాడను." వ్యాన్లోనే చెప్పింది. కొరియా యుద్ధం నడుస్తుండగా 1951లో ఏర్పడిన ఐక్యరాజ్యసమితి సమాధుల తోట, ప్రపంచంలో అలాంటిది ఇదొక్కటే. సుమారు 2,300 మంది అక్కడ ఉన్నారు. అందులో డాంట్ అనే పదిహేడేళ్ల ఆస్ట్రేలియా కుర్రాడి పేరే లోపలి నీటి కాలువకి పెట్టారు. ఏటా నవంబరు 11న పదకొండు గంటలకు బుసాన్ వైపు తిరిగి మౌనం పాటించే ఆచారం 2007లో మొదలైంది, దాన్ని తలపెట్టినవాడు విన్స్ కోర్ట్‌నీ అనే కెనడా మాజీ సైనికుడు. ఈ రెండు ముక్కలూ ఎంచుకుని చెప్పిందని అప్పుడు నాకు తట్టలేదు. వ్యాన్లో ఉన్నది ఎవరెవరో పొద్దున్నే చూసుకుంది కదా. లోపల అన్నమాట ప్రకారం నోరు విప్పలేదు. మా వెనక పదడుగుల దూరంలో నడిచింది. ఆస్ట్రేలియా అక్కాచెల్లెళ్లు కాలువ పక్కన చాలాసేపు నిలబడ్డారు. వాళ్లను ఎవరూ తొందర పెట్టలేదు.

భోజనం జగల్చి చేపల మార్కెట్ దగ్గర. కింద తొట్టెల్లో బతికున్న చేప చూపిస్తే పైన వండి పెడతారు. కెనడా దంపతులు ఆ పని మీద ఉన్నారు. బేరాలాడే ఆడవాళ్ల గొంతులు మా పూర్ణా మార్కెట్ గొంతులకు ఏమాత్రం తీసిపోవు. మార్కెట్ నినాదం 'ఓయిసో, బోయిసో, సాయిసో', రండి, చూడండి, కొనండి. అది సియోల్ భాష కాదట, బుసాన్ యాస. సియోల్ వాళ్లు ఈ యాస విని నవ్వుతారా అనడిగితే, ఆవిడ ముఖం అచ్చం శ్రీకాకుళం యాస మీద ఎవరైనా జోకేసినప్పుడు మా ముఖంలాగే అయింది.

మా అత్తగారు చేప ముట్టదు. గైడమ్మ ఆవిణ్ణి పక్క వీధిలో చిన్న హోటల్లో కూర్చోబెట్టి, మాంసమూ గుడ్డూ లేకుండా కూరలు కలిపిన అన్నం, బిబింబాప్ చెప్పింది. బల్ల మీద ఎర్రగా కిమ్చీ పెట్టారు. అమ్మయ్య, పచ్చడి అనుకుని అత్తగారు చెయ్యి చాపింది. గైడమ్మ గబుక్కున గిన్నె లాగేసింది. "ఒమోనీ, వద్దు. ఇందులో ఉప్పులో ఊరేసిన రొయ్యలు ఉంటాయి." చెప్పకపోతే ఎవరికీ తెలిసేది కాదు. అత్తగారికి బాగుందనిపించి ఇంకాస్త వేసుకునేది కూడా. తర్వాత వీధిలో పప్పులూ గింజలూ కూరిన తియ్యటి హొతొక్ కొనిచ్చింది. అత్తగారు అది తింటూ "మన బొబ్బట్టుకి మేనమామ కూతురు" అంది.

ఇక గామ్‌చొన్. కొండవాలు మీద అంచెలంచెలుగా రంగుల ఇళ్లు. 1950ల్లో యుద్ధంలో ఇల్లూ వాకిలీ పోయినవాళ్లూ, తేగుక్‌దో అనే మతం అనుచరులూ కట్టుకున్న పేదల పేట. 2009లో చిత్రకారులు వచ్చి గోడలకు ప్రాణం పోశాక జనం విరగబడటం మొదలైంది. అక్కడ 'ది లిటిల్ ప్రిన్స్' కథలోని చిన్న రాకుమారుడి విగ్రహం పక్కన ఫొటో కోసం చాంతాడంత వరస. గైడమ్మ మమ్మల్ని అటు తీసుకెళ్లలేదు. అత్తగారినీ ఆస్ట్రేలియా అక్కనీ పైన కుర్చీల దగ్గర డ్రైవర్‌కి అప్పజెప్పి, మిగతా అయిదుగురినీ పక్క సందులో దించింది. ఒక పెద్దాయన గుమ్మంలో ఉల్లికాడలు ఒలుస్తున్నాడు. గైడమ్మ తల వంచి పలకరించి గొంతు తగ్గించింది. మెల్లగా మాట్లాడండని గోడ మీద బోర్డు కూడా ఉంది.

ఇక్కడ నాకు ఒక అనుమానం పొడుచుకొచ్చింది. చిన్న గుంపు కాబట్టే మేం ఆ సందులోకి దూరగలిగాం, పెద్ద బస్సువాళ్లు పైనుంచే ఫొటో తీసుకుని పోతారు. మేం ఏడుగురమే. మాలాంటి వ్యాన్లు పది వస్తే డెబ్బై మంది. ఆ పెద్దాయన గుమ్మం ముందు నుంచి డెబ్బై మంది. ఆవిణ్ణి అడిగాను. "అందుకే రోజుకో సందు మారుస్తాను" అంది. అది జవాబో కాదో నాకిప్పటికీ తేలలేదు.

వెనక్కి యోంగ్‌దో వంతెన మీదుగా వచ్చాం. 1934లో మొదట కట్టిన ఆ వంతెన, అప్పట్లో ఓడ వస్తే లేచేది. యుద్ధకాలంలో పారిపోయి వచ్చేవాళ్లు దారిలో విడిపోతే 'యోంగ్‌దో వంతెన దగ్గర కలుద్దాం' అనుకునేవారట. బుసాన్‌లో వాళ్లకి పేరు తెలిసిన చోటు అదొక్కటే. వంతెన కింద జాతకాలు చెప్పేవాళ్లు కూర్చునేవారు, మావాళ్లు బతికున్నారా అని అడగడానికి జనం వచ్చేవారు.

టైము మూడు ముప్పావు. టెర్మినల్ అయిదు నిమిషాల దూరం. అంటే నలభై నిమిషాలు మిగిలాయి. పొద్దున్నించీ ఆవిడ ఒక్కసారైనా "టైమ్ ఉంది" అనలేదు. దాచిపెట్టింది. ఏదైనా తేడా వస్తే వాడుకుందామని దాచిన సొమ్ము అది, తేడా రాలేదు. మా ముగ్గురి వైపు చూసి "మీకోసం ఒకటుంది" అని వ్యాన్‌ని దీవి చివరకి, తేజోంగ్‌దే వైపు తిప్పించింది.

అక్కడ 1976లో పెట్టిన స్మారకం ఉంది. కొరియా యుద్ధంలో పోరాడే సైన్యం పంపకుండా వైద్యుల్ని పంపిన దేశాలది. స్వీడన్, డెన్మార్క్, నార్వే, ఇటలీ, భారత్. లెఫ్టినెంట్ కల్నల్ ఎ.జి. రంగరాజ్ నాయకత్వంలో మన 60వ పారాచూట్ ఫీల్డ్ ఆంబులెన్స్ 1950 నవంబరులో దిగింది ఈ బుసాన్ రేవులోనే. నేను చరిత్ర చదువుకున్నవాణ్ణే, తెలియదు. మామూలుగా మన దేశపువాళ్లు వస్తే ఆయుత దేశం నుంచి ఓడెక్కి వచ్చి ఇక్కడి రాజును పెళ్లాడిన రాకుమారి కథ చెబుతారట, ఆయుత అంటే అయోధ్యేనని. ఆవిడ అది చెప్పలేదు. "అది నిజమో కాదో నాకు తెలియదు. ఇది నిజం" అంది.

గేటు దగ్గర దించేటప్పుడు చివరిసారి లెక్కపెట్టింది. హానా, దుల్, సెత్, నెత్, దసొత్, యొసొత్, ఇల్గోప్. వ్యాన్ ఎక్కిన ప్రతిసారీ వేలితో చూపకుండా, కళ్లతోనే లెక్కపెట్టేది. ఓడ లిఫ్ట్‌లో మా అత్తగారు మమ్మల్ని చూసి "హానా, దుల్" అంది. తనని లెక్కలో వేసుకోవడం మర్చిపోయింది.

మొన్న సంక్రాంతికి రాజమండ్రి నుంచి మా పెదనాన్నగారి అబ్బాయి కుటుంబం దిగింది. ఆరుగురు. కారు ఎక్కే ముందు అందర్నీ వరసగా నిలబెట్టి మోకాళ్ల సంగతి అడిగాను. "ఏరా, ఊరు చూపిస్తావా, ఆపరేషన్ చేయిస్తావా?" అన్నాడు అన్నయ్య. పట్టు వదల్లేదు. దూరంగా ఉన్న భీమిలి ముందు, వెనక్కి వస్తూ రెండంటే రెండు చోట్లు. కైలాసగిరి కొట్టేశాను, సబ్‌మెరైన్ కొట్టేశాను. సాయంత్రం ఆరుకల్లా ఇంట్లో ఉన్నాం, ఎవరికీ చెమట పట్టలేదు. నిన్న మా వదిన మా ఆవిడకి ఫోన్ చేసి చెప్పిందట, "అంత దూరం వస్తే మరిదిగారు సబ్‌మెరైన్ కూడా చూపించలేదు" అని.