పాత ప్లేస్టేషన్‌కి కొత్త బాడీ

కంపెనీ ఇచ్చేది ఛాసిస్, ఇంజనే. బాడీ కట్టి లారీని రోడ్డెక్కించేది మా సాలూరు వాళ్లు. నా ప్లేస్టేషన్ 2 సంగతీ అంతే. సోనీ దాన్ని 2000లో తెచ్చి, 2013లో తయారీ ఆపేసింది. ఇప్పుడు దాన్ని నడిపిస్తున్నది ముక్కూమొహం తెలియని ప్రోగ్రామర్లు ఊరికే రాసిచ్చిన సాఫ్ట్‌వేర్.

ఈ మిషన్లో ముందు మూలపడేది లెన్స్. సీడీ గిర్రున తిరుగుతుంది, తెర మీద ఏమీ రాదు. దానికి విరుగుడు ఫ్రీ మెక్‌బూట్ ఎక్కించిన మెమరీ కార్డు. అది పెట్టి ఆన్ చేస్తే సోనీ మెనూతో పాటు మనకి కావలసిన ప్రోగ్రాములూ కనిపిస్తాయి. వాటిలో ఓపెన్ పీఎస్2 లోడర్ నొక్కాలి. గేమ్‌ని కంప్యూటర్లో ఐఎస్ఓ ఫైలుగా తీసి, పెన్‌డ్రైవ్‌లో డీవీడీ అనే ఫోల్డర్లో వేస్తే చాలు.

చాలు అన్నాను గానీ, అసలు తలనొప్పి అక్కడే. పెన్‌డ్రైవ్ ఫార్మాట్ ఫ్యాట్32లో 4 జీబీ దాటిన ఫైలు పట్టదు, ముక్కలు చెయ్యాలి. ఫైలు డ్రైవ్‌లో చెల్లాచెదురుగా పడితే గేమ్ మొరాయిస్తుంది. ఫార్మాట్ కొట్టి మళ్లీ మొదట్నుంచీ కాపీ చేసుకోవడమే. పైగా దీని యూఎస్‌బీ పాతకాలం 1.1, మధ్యలో వచ్చే వీడియోలు నత్తనడక నడుస్తాయి. నన్నడిగితే గేమ్‌ని కంప్యూటర్లోనే ఉంచి ల్యాన్ కేబుల్‌తో నడపడమే నయం. కొనేవాళ్లకో మాట: చివర్లో వచ్చిన 90000 సిరీస్‌లో కొన్నిటికి ఈ మెమరీ కార్డు పనిచేయదు.

ఇంత తంటా ఎందుకంటే, 2009లో మన హైదరాబాద్‌లోనే ఈ మిషన్ కోసం గేమ్‌లు చేశారు. అరోనా టెక్నాలజీస్ 'హనుమాన్: బాయ్ వారియర్', గేమ్‌శాస్త్ర 'దేశీ అడ్డా'. ఒకదాంట్లో గద పట్టిన బాల హనుమంతుడు, ఇంకోదాంట్లో కబడ్డీ, గిల్లీ దండా. హనుమంతుడి ఆట గొప్పదేం కాదు, దూకడం దగ్గరే విసుగొస్తుంది. అయినా ఇవాళ ఏ షాపులోనూ కొత్తది దొరకదు. గీతలు పడ్డ ఆ సీడీ పోయిందంటే ఆటా పోయినట్టే.

మన దగ్గర న్యాయంగా ఉన్న ప్రోగ్రామ్ పాడైపోకుండా ఒక కాపీ తీసి ఉంచుకోవచ్చని 1957 కాపీరైట్ చట్టం 52వ సెక్షనే చెబుతోంది. కాపీలు తీసి పంచిపెట్టడం వేరే సంగతి. వీధిలో కుర్రాళ్లు ఖాళీ పెన్‌డ్రైవ్ పట్టుకొచ్చి, "అన్నా, గేమ్‌లు ఎక్కించియ్యవా?" అంటారు.

"సీడీ ఏదిరా?" అంటే నవ్వేసి, కంట్రోలర్ అందుకుంటారు.