పాదం మోపే చోటు

భువనగిరి ఖిల్లా బండ మీద కొత్తవాళ్లకు పదేపదే వినబడే మాట ఒకటుంది: "చేతులతోటి గుంజకు, కాళ్ల మీద నిలబడు." పట్టుకోవడానికి పగులు గానీ మెట్టు గానీ లేని నున్నని ఏటవాలు అది. బూటు ముందుభాగాన్ని బండకు అదిమి, మడమ దించి, నడుమును బండకు ఎడంగా ఉంచితే బరువంతా పాదాల మీదికి దిగుతుంది. ఆ ఒరిపిడే మనిషిని ఆపుతుంది. భయపడి బండను కావలించుకున్నవాడే జారుతాడు. ఎక్కడమంటే కండబలం అనుకుంటారు చాలామంది. నాకు మాత్రం అది పాదాల విద్య.

చాళుక్య త్రిభువనమల్లుడి పేరు మోస్తున్న ఈ ఏకశిల చుట్టుపక్కల నేల మీంచి సుమారు 500 అడుగులు లేస్తుంది. 2016 దాకా మా నల్లగొండ జిల్లాలోనిదే. ఈ బండ మీద ఓనమాలు దిద్దిన మాలావత్ పూర్ణ పద్నాలుగేళ్లు నిండకముందే, 2014 మే 25న, ఎవరెస్టు ఎక్కింది. వెంట ఖమ్మం జిల్లా కుర్రాడు ఆనంద్ కుమార్. ఇద్దరూ సాంఘిక సంక్షేమ గురుకులాల పిల్లలు. 2022లో భువనగిరి బిడ్డ పడమటి అన్వితారెడ్డి కూడా ఆ శిఖరం చేరింది. భువనగిరి తెలుసు, ఎవరెస్టు తెలుసు. ఆ రెంటి నడుమ మన పిల్లలు మంచు నేర్చుకునే చోటు గురించి మాత్రం మనం మాట్లాడుకోం.

పూర్ణ, ఆనంద్ శిక్షణ పొందిన డార్జిలింగ్ హిమాలయన్ మౌంటెనీరింగ్ ఇన్‌స్టిట్యూట్ 1954లో పుట్టింది. దాని మంచు శిబిరం సిక్కింలోని కాంచన్‌జంగా నేషనల్ పార్కులో, చౌరిఖాంగ్ దగ్గర ఉంది. 1977లో ఏర్పడి, 2016లో యునెస్కో జాబితాకెక్కిన పార్కు ఇది. యుక్సోం ఊరి నుంచి తొవ్వ మొదలవుతుంది. రోడోడెండ్రాన్ అడవులు దాటి జోంగ్రీ చేరేసరికి, అంటే సుమారు 4,000 మీటర్ల దగ్గర, చెట్లు మోకాలెత్తు పొదలవుతాయి. ఆపైన చెట్టే లేదు. గాలి ఒత్తిడి సముద్రమట్టం దగ్గర ఉన్నదానిలో ఇంచుమించు అరవై శాతం. బండ మీద నేర్చిన చురుకు అక్కడ పనికిరాదు. అడుగు వేసి, వెనక కాలు నిటారుగా ఉంచి, బరువు ఎముక మీద ఆన్చి, ఊపిరి తీసుకుని, మళ్లీ అడుగు. తొందరపడ్డవాణ్ని తలనొప్పి కూర్చోబెడుతుంది.

అక్కడి నేల పాలమూరు గొంగడి మీద నడిచినట్టు మెత్తగా ఉంటుంది. ధ్రువప్రాంతపు టండ్రాను పోలిన నేల అది. ఏడాదిలో కొద్ది నెలలే మంచు విడుస్తుంది. పలుచని మట్టిని నాచు, గడ్డి, నేలకు అంటుకుని గుబురుగా పెరిగే చిన్న మొక్కలు పట్టి ఉంచుతాయి. అరచెయ్యంత గుబురు కావడానికి కొన్నిటికి దశాబ్దాలు పడుతుంది. భువనగిరి బండ మీద వెయ్యిమంది ఎక్కినా బండకేం కాదు. జోంగ్రీ నేల మీద పదిమంది తొవ్వ తప్పి నడిస్తే వేళ్లు తెగుతాయి, వానకు మట్టి కొట్టుకుపోతుంది, ఆ గాయం ఏళ్ల తరబడి మానదు. ఎక్కడ పాదం మోపాలో బండ నేర్పింది. ఎక్కడ మోపకూడదో ఈ నేల దగ్గరే నేర్చుకున్నాను. నా లెక్కలో రెండోదే కష్టం.

ఇంకా పైన, 4,200 మీటర్లు దాటాక, సమితి సరస్సు. హిమానీనదం కరిగిన నీళ్లు. మా నల్లగొండ, పాలమూరు వాళ్లకు నీళ్లు కనబడితే దిగి కాళ్లు కడుక్కోవాలనిపిస్తుంది, దోసిలి పట్టాలనిపిస్తుంది. సిక్కిం వాళ్లకు ఆ సరస్సు పవిత్రం. ఒడ్డున గుడారాలు వేయనివ్వరు. యాత్రికులు కిందనున్న లామునేలో బస చేసి, తెల్లవారుజామున వచ్చి చూసి వెళ్తారు. ఆ కట్టుబాటు నాకు ఎంతో నచ్చింది. ఎదురుగా 8,586 మీటర్ల కాంచన్‌జంగా. 1955 మే 25న జార్జ్ బ్యాండ్, జో బ్రౌన్ దాని తలకు కొన్ని అడుగుల దిగువన ఆగిపోయారు. శిఖరాన్ని తొక్కబోమని సిక్కిం రాజుకిచ్చిన మాట అది. మర్నాడు వెళ్లిన హార్డీ, స్ట్రీథర్ కూడా అక్కడే ఆగారు. ఎక్కగలిగిన నలుగురూ ఎక్కకుండా దిగివచ్చారు. పర్వతారోహణలో నేను అన్నిటికన్నా ఎక్కువగా గౌరవించే పని ఇది.

భువనగిరిలో శిక్షణ పొందే పిల్లలకు ముడులు, తాళ్లు, దిగడం అన్నీ శ్రద్ధగా నేర్పుతున్నారు. అందులో ఈ నలుగురి కథ కూడా చేరాలి. బండ పగుళ్లలో వానకు మొలిచే గడ్డిని తొక్కకుండా ఎక్కడం మొదటి రోజు పాఠం కావాలి. ఖిల్లా గోడల మీద పేర్లు చెక్కకూడదని, తాగిన సీసా సంచిలో వేసుకుని దిగాలని తాడు కట్టకముందే చెప్పాలి. యుక్సోంలో ఊరివాళ్లు 1996లోనే సంఘం పెట్టుకుని, పైకి వెళ్లేవాళ్ల చెత్త కిందికి రావాలని పట్టుబడుతున్నారు. మనకు ఖిల్లా మెట్ల దగ్గర ఆ పని చేయడానికి ఒక బల్ల, ఒక పుస్తకం, ఇద్దరు మనుషులు చాలు.