అడుగులో పాత్ర

కూచిపూడి నాట్యాన్ని అభ్యసించేవారు మొట్టమొదట నేర్చుకునేది అడుగు. పాదం నేలను తాకే తీరు, మోకాలు వంగే మేర, చేయి చాచే దిక్కు, చూపు నిలిచే చోటు ఒక తాళగతిలో ఒదిగి ఏర్పడే అతిచిన్న నృత్త ఖండాన్ని ఈ పేరుతో పిలుస్తారు. భరతనాట్యంలో దీనికి సాటి వచ్చేది అడవు, కథక్‌లో కాలిపని వరకు తత్కార్. నృత్తమంటే అర్థాన్ని అభినయించకుండా లయనూ అంగవిన్యాసాన్నీ మాత్రమే ఆశ్రయించే నర్తనం కాబట్టి, అడుగును కూడా అర్థంతో నిమిత్తం లేని సాధకంగా భావించడం శిక్షణలో అలవాటుగా స్థిరపడింది. అయితే కూచిపూడి అడుగు రూపుదిద్దుకున్నది ఒంటరి నర్తకి ప్రదర్శించే అంశాల కోసం కాదు. ఊరి నడుమ, ఆరుబయట, తెల్లవారుజాము దాకా సాగే యక్షగానాల కోసం, కలాపాల కోసం. పాట, మాట, ఆట కలిసిన ఆ నాటకంలో ఎవరిదీ కాని అడుగుకు చోటు తక్కువ. ఆ పుట్టుకను పక్కనపెట్టి కాలి కదలికను మాత్రమే నేర్పినప్పుడు జారిపోయేదేమిటన్నది, ఈ నాట్యం కృష్ణా జిల్లా దాటి, దేశం దాటి, కూచిపూడి గ్రామాన్ని ఎన్నడూ చూడని పిల్లల దాకా చేరిన ఈ కాలంలో, తీరికగా ఆలోచించవలసిన విషయం.

అడుగుకు ఆధారం అర్ధమండలి. మడమలను దగ్గరగా ఉంచి, పాదాలను ఇరుపక్కలకు తిప్పి, మోకాళ్ళను పక్కలకు వంచి, నడుము పైభాగాన్ని నిటారుగా నిలిపే భంగిమ ఇది. భరతనాట్యంలోని అరమండికి ఇది దగ్గర చుట్టమే అయినా, కూచిపూడిలో శరీరం ఆ వంపులో స్థిరంగా కూర్చోక, అడుగడుగుకూ లేచి దిగుతూ ఉంటుంది; రేఖల కచ్చితత్వం కన్నా ఒక భంగిమ నుంచి మరొక భంగిమకు జారే ఒరవడికి ఇక్కడ విలువ ఎక్కువ. చౌక, కత్తెరనాటు, కుప్పి అడుగు, జారడు, పక్కనాటు వంటి పేర్లు గురువుల నోట వినిపిస్తాయి. ఒక్కొక్క అడుగుకు కొన్ని సొల్లులు, అంటే లయను పలికించే అక్షరాలు, జతగా ఉంటాయి. వాటిని గురువు నోటితో పలుకుతూ తాళాలు మోగిస్తుంటే శిష్యులు విలంబ, మధ్య, ద్రుతమనే మూడు కాలాలలో వేస్తారు. మూడు అక్షరాల తిశ్రం, నాలుగింటి చతురశ్రం, అయిదింటి ఖండం, ఏడింటి మిశ్రం, తొమ్మిదింటి సంకీర్ణం అనే అయిదు జాతులలో అడుగులను కూర్చి జతులుగా అల్లుతారు. ఇంతవరకు ఇది గణితం, కండరాల పని. ఈ దశను తేలికగా చూడడానికి వీల్లేదు. కాళ్ళు తమంతట తాము లయను మోసే స్థితికి రానిదే ముఖం అభినయానికి స్వేచ్ఛగా దొరకదు.

చేతి విషయంలో నాట్యశాస్త్ర సంప్రదాయం ఒక స్పష్టమైన ఏర్పాటు చేసింది. నందికేశ్వరుని అభినయదర్పణం ఒంటిచేతితో పట్టే అసంయుత హస్తాలు 28 అని చెబుతుంది. వాటిలో మొదటిదైన పతాకం నృత్తంలో కేవలం అలంకారంగా ఉంటే, అభినయంలో మేఘం మొదలుకొని అడవి, నది, రాత్రి వరకు ఎన్నో అర్థాలను మోస్తుంది. చేతికి ఇలా రెండు జీవితాలున్నాయని విద్యార్థులందరికీ తెలుసు. కాలికి కూడా రెండో జీవితం ఉందన్న సంగతి అంతగా ప్రచారంలో లేదు. భరతుడు నాట్యశాస్త్రంలో గతి ప్రచారానికి, అంటే పాత్రల నడకలకు, ఒక అధ్యాయమే కేటాయించాడు. రాజు ఎంత నిదానంగా నడవాలి, భయపడినవాడు ఎలా నడవాలి, వృద్ధుని అడుగు, చీకటిలో తడుముకునేవాని అడుగు ఎలా ఉండాలి అన్నవన్నీ అందులో చర్చకు వస్తాయి. స్వభావం, వయసు, మనస్సు అనే మూడింటినీ పాదం చెప్పగలదన్న నమ్మకం ఆ అధ్యాయానికి పునాది.

ఆ నమ్మకాన్ని తెలుగు రంగస్థలం ప్రవేశ దరువులో నిలబెట్టుకుంది. దరువు అంటే తాళబద్ధమైన నాటకగీతం. పాత్ర తెర వెనుక నుంచి వచ్చి తానెవరో పాడుతూ, ఆడుతూ తెలియజేసేది ప్రవేశ దరువు. పాత ప్రదర్శనలలో నీళ్ళు చల్లి రంగాన్ని శుద్ధి చేసి, ధూపం వేసి, ఇంద్రధ్వజాన్ని నిలిపాక, ఇద్దరు మనుషులు పట్టుకున్న తెర వెనుకకు పాత్ర వచ్చేది; ఆముదపు దివిటీల మీద గుగ్గిలం చల్లితే ఎగసిన వెలుగులో వేషం కనబడేది. భామాకలాపంలో సత్యభామ ముందుగా తన జడను తెర మీదుగా బయటికి వేస్తుంది. విద్యలో తనను ఓడించగలవారెవరైనా ఉంటే వచ్చి ఆ జడను కోయవచ్చునన్న సవాలు అందులో ఉన్నదని సంప్రదాయజ్ఞులు చెబుతారు. ఆ తరువాత ఆమె వేసే అడుగులు సాధకంలో ప్రతి విద్యార్థీ వేసినవే. కానీ అవే అడుగులు ఇక్కడ కృష్ణుడు తన చేతిలో ఉన్నాడనుకునే గర్వానికి, అందాన్ని గురించిన ఎరుకకు, సత్రాజిత్తు కూతురిగా పుట్టినింటి దర్పానికి ఒదిగి, మెడ కదలికతో, చూపుతో, తుంటి ఊపుతో కలిసి ఒక వ్యక్తిని నిలబెడతాయి. నాయికా భేదాల పరిభాషలో ఈమె మొదట స్వాధీనపతిక, అంటే భర్తను వశంలో ఉంచుకున్నది. కథ నడిచి ఆమె విరహంలో పడినప్పుడు, సఖి మాధవి చేతికి లేఖ ఇచ్చి పంపే వేళకు, ఆ పాదమే బరువెక్కి వెనుకాడుతుంది. ఇదే నాట్యపు యక్షగానమైన ప్రహ్లాద చరిత్రలో హిరణ్యకశిపుడు రంగం మీదికి వచ్చేటప్పుడు పాదతాడనం నేలను శాసిస్తున్నట్టుంటుంది. అడుగుల పట్టిక ఒకటే. వాటిని వేసేవారెవరన్న ప్రశ్నకు సమాధానమే ఆ నాట్యం.

ఇంతటి కట్టుబాటు ఒక్క తరంలో ఏర్పడినది కాదు. విజయనగర ప్రభువు వీర నరసింహరాయల ఎదుట కూచిపూడి భాగవతులు ప్రదర్శించిన నాటకం ద్వారా సిద్ధవటం సీమను పీడిస్తున్న సమ్మెట గురవరాజు దౌష్ట్యాన్ని తెలియజేశారని మాచుపల్లి కైఫియతు చెబుతుంది. ఆ రాయల పాలన 1505 నుంచి 1509 వరకు సాగింది కాబట్టి, 16వ శతాబ్దం తొలి ఏళ్ళకే వీరి ఆట దొరల సభల దాకా వెళ్ళగలిగినంత పరిణతి పొందిందనుకోవాలి. భామాకలాపాన్ని రచించి, ఊరి బ్రాహ్మణ కుటుంబాల మగపిల్లలకు నేర్పినవాడు సిద్ధేంద్ర యోగి అనీ, గోల్కొండ సుల్తాను అబుల్ హసన్ తానీషా ఈ కుటుంబాలకు గ్రామాన్ని అగ్రహారంగా ఇచ్చాడనీ సంప్రదాయం. ఆ కుటుంబాలలో పుట్టిన ప్రతి పురుషుడూ జీవితంలో ఒక్కసారైనా భామ వేషం కట్టాలన్న నియమం ఉండేదని చెప్పుకుంటారు. వేదాంతం సత్యనారాయణ శర్మ (1935–2012) ఆ వేషంతోనే దేశమంతటా పేరు పొందారు.

20వ శతాబ్దంలో వచ్చిన మార్పు పెద్దది. వేదాంతం లక్ష్మీనారాయణ శాస్త్రి నాటకం నుంచి ఏకపాత్ర అంశాలను విడదీసి, స్త్రీలకు నేర్పడానికి పూనుకున్నారు. దానికి ఆనాటి ఛాందసుల నుంచి అభ్యంతరాలు తప్పలేదు. గోదావరి, కృష్ణా మండలాలలో దేవదాసీ సంప్రదాయానికి చెందిన కళావంతుల స్త్రీలు అప్పటికే తరతరాలుగా పదాలు, జావళీలు, భామాకలాపం ఆడుతూ వచ్చారన్న వాస్తవాన్ని ఇక్కడ తప్పక చెప్పుకోవాలి. 1947 నాటి మద్రాసు దేవదాసీ నిషేధ చట్టం ఆలయాలకు స్త్రీలను అంకితం చేయడాన్ని ఆపింది, కానీ దానితో పాటు వారి ఆటకు దక్కవలసిన గౌరవం కూడా తెరమరుగైంది. కూచిపూడి చరిత్రను ఒక్క అగ్రహారం చరిత్రగా మాత్రమే రాయడం ఆ స్త్రీలకు చేసే అన్యాయం. 1958లో ఢిల్లీలో సంగీత నాటక అకాడమీ జరిపిన నృత్య సదస్సులో విస్సా అప్పారావు కూచిపూడి గురించి పత్రం సమర్పించారు. యామినీ కృష్ణమూర్తి వంటి నర్తకీమణులు ఏకపాత్ర కూచిపూడిని దేశవిదేశాల వేదికల మీద నిలిపారు. వెంపటి చినసత్యం (1929–2012) మద్రాసులో 1963లో కూచిపూడి ఆర్ట్ అకాడమీని స్థాపించి, అడుగులకు ఒక క్రమాన్ని, భంగిమలకు ఒక శుద్ధిని కల్పించి, క్షీరసాగర మథనం, చండాలిక వంటి నృత్యనాటకాలను కూర్చారు. ఆయన శిక్షణలో తయారైన శరీరాలలోని స్పష్టత ఈనాటికీ చూపు తిప్పుకోనివ్వదు. ఆ క్రమమే లేకపోతే కొన్ని కుటుంబాలలో దాగి ఉన్న విద్య వేల మందికి అందేది కాదు.

ఆ మేలును మనస్ఫూర్తిగా ఒప్పుకుంటూనే దానికి చెల్లించిన మూల్యాన్ని కూడా చూడాలి. ఆంగికం, వాచికం, ఆహార్యం, సాత్త్వికం అనే నాలుగు అభినయాలలో, వాచికం, అంటే మాటతో పాటతో చేసే అభినయం, కూచిపూడికి ప్రాణం వంటిది. భామ తానే పాడేది, తానే వాదించేది. నట్టువాంగం పట్టిన, అంటే తాళాలతో ఆటను నడిపించే సూత్రధారుడు మాధవిగా మారి ఆమెతో మాటకు మాట కలిపేవాడు. పాడుతూ ఆడే మనిషి అడుగు ఊపిరిని లెక్క చూసుకుంటుంది. పదం ముగిసే చోట ఆగుతుంది, చమత్కారం పేలే చోట తేలుతుంది. సభాభవనాల వేదిక మీద పాట పక్కనున్న గాయకుల చేతికి వెళ్ళాక, ఆ తరువాత చాలా చోట్ల ముందే రికార్డు చేసిన సంగీతానికి వెళ్ళాక, నర్తకి పెదవులు మాత్రమే కదులుతున్నాయి. ఊపిరి లెక్క తప్పుకుంది కాబట్టి వేగం పెరిగింది. వేగానికి ప్రేక్షకుల చప్పట్లు కూడా తోడయ్యాయి. నారాయణ తీర్థుల కృష్ణలీలా తరంగిణిలోని కీర్తనలకు ఇత్తడి పళ్ళెం అంచు మీద నిలిచి ఆడే తరంగానికి వచ్చిన ఆదరణ ఇందుకు ఒక నిదర్శనం. తల మీద చెంబు, కాళ్ళ కింద పళ్ళెం ఉంచుకుని జతులు పలికించడం అసాధారణమైన నేర్పే. కానీ తరంగం బాలకృష్ణుని లీలలను పాడే భక్తిగీతం. పళ్ళెం ఎక్కే ముందు ఆ బాలుడు రంగం మీద కనబడి ఉంటేనే పళ్ళెం మీది లయ ఆనందతాండవం అవుతుంది, లేకపోతే అది సంతులన విద్యగానే మిగులుతుంది. ఈ తేడాను గుర్తించే గురువులు పళ్ళెం ముందరి అభినయానికే ఎక్కువ కాలం వెచ్చిస్తారు.

అడుగుకు కథ తప్పనిసరి అని దీని భావం కాదు. అరకు ప్రాంతపు గిరిజనుల ధింసాలో స్త్రీలు ఒకరి వెనుక ఒకరు చేతులు పెనవేసి గొలుసుగా కదిలేటప్పుడు అక్కడ పాత్ర ఉండదు. అందరి పాదాలూ ఒకే పాదంగా పడడమే ఆ ఆట ఆశయం. కథ లేని అడుగుకు శాస్త్రంలో కూడా చోటుంది. కాకతీయ గణపతిదేవుని గజసేనాని జాయప 13వ శతాబ్దం నడుమ రచించిన నృత్తరత్నావళి మొదటి నాలుగు అధ్యాయాలను శాస్త్రోక్తమైన మార్గ నృత్తానికి, తరువాతి నాలుగింటిని ప్రాంతీయమైన దేశి నృత్తాలకు కేటాయించింది. అందులో చెప్పిన పేరణిలో కాలి గజ్జెలను కావలసిన మేరకే పలికించే ఘర్ఘరమనే నేర్పు ప్రధానం. నటరాజ రామకృష్ణ (1923–2011) ఆ గ్రంథాన్ని, రామప్ప గుడి శిల్పాలను ఆధారం చేసుకుని పేరిణి శివతాండవాన్ని పునఃసృష్టించారు.

ఆధునిక నృత్యం వైపు చూస్తే విషయం మరింత తేటపడుతుంది. అమెరికాలో మార్తా గ్రాహం (1894–1991) బాలే నియమాలను వదిలి, ఊపిరి వదిలినప్పుడు కడుపు లోనికి ముడుచుకోవడం, పీల్చినప్పుడు విచ్చుకోవడం అనే రెండు క్రియల మీద తన పద్ధతిని కట్టారు. పాత అడుగును కాదనాలంటే మరొక అడుగును, దానికొక కారణాన్ని కనిపెట్టక తప్పదని ఆమె కృషి తెలుపుతుంది. మన దేశంలో చంద్రలేఖ (1928–2006) 1985లో ప్రదర్శించిన అంగికలో భరతనాట్యపు అడవులను కళరిపయట్టు యుద్ధవిద్యతో, యోగాతో చేర్చి, దేవతా కథలనూ ఆభరణాలనూ తొలగించి, శరీర శక్తినే వస్తువుగా నిలిపారు. కథను ఎందుకు తీసివేస్తున్నారో ఆమెకు తెలుసు, ఆ ఖాళీలో ఏమి పెడుతున్నారో కూడా తెలుసు. ఏకపాత్ర కూచిపూడిలో నాటకం సన్నగిల్లినది మాత్రం ఎవరి నిర్ణయం వల్లా కాదు. ప్రదర్శన నిడివి, వేదిక ఆకారం, పోటీల నియమాలు, పరీక్షల పాఠ్యక్రమం కలిసి, ఒక్కొక్క ఏడూ కొద్దికొద్దిగా, దాన్ని తగ్గించాయి. నిర్ణయం లేకుండా జరిగిన మార్పును నిర్ణయంతో సరిదిద్దవచ్చు.

అమెరికాలో, ఆస్ట్రేలియాలో తెలుగు కుటుంబాల పిల్లలు వారాంతాల్లో కూచిపూడి నేర్చుకుంటున్నారు. వారిలో చాలామందికి తెలుగు వినడం వచ్చినంతగా పలకడం రాదు. అటువంటి పిల్లల చేత కలాపంలోని సంభాషణను ముందు చదివించి, అర్థం చెప్పి, గొంతెత్తి పలికించి, దరువును తాళం వేస్తూ వారి చేతనే పాడించి, ఆ తరువాతనే అడుగు కలిపితే, అర్ధమండలిలో మోకాలు ఎంత వంగాలన్నదానితో పాటు సత్యభామ మోకాలు ఎప్పుడు వంగనని మొరాయిస్తుందో కూడా వారికి తెలిసివస్తుంది. కూచిపూడి కుటుంబాల పాత శిక్షణలో సంగీతం, సంస్కృతం, వాచికం ఆటతో సమానంగా నడిచేవి. ఇప్పటి తరగతుల వ్యవధిలో అంతటినీ ఇరికించడం సాధ్యం కాదు. కానీ అడుగులకిచ్చే సమయంలో నాలుగో వంతును మాటకూ పాటకూ మళ్ళించడం హైదరాబాదులోని విద్యాలయానికైనా, విదేశంలోని తరగతికైనా భారం కాబోదు, దానికి గురువు సంకల్పం తప్ప వేరే సామగ్రి అక్కరలేదు.